తెల్లగోడ జరిగిన రోజు

సున్నివాని పోయినవారం కంప్యూటర్ ముందు, చేతిలో చల్లారిన కాఫీతో వదిలి వచ్చాం. ఆమె ఇంకా అక్కడే కూర్చుని ఉంది. కాఫీ ఇంకా తాగలేదు.

కొత్తగా చదువుతున్నవాళ్ళ కోసం నాలుగు మాటలు. ముప్పై ఒక్క ఏళ్ళ కిందట, అక్టోబరు నెలలో, నార్వే ఉత్తరాన ఉన్న ఈ స్కార్వోయ్ దీవికి తిరిగొస్తున్న చేపల పడవ ఒకటి ముసలమ్మ అనే రాళ్ళకి కొట్టుకుని మునిగిపోయింది. పడవ నడిపిన తోర్లేఫ్, అతనితో వేటకెళ్ళిన స్తైనార్ ఇద్దరూ పోయారు. తోర్లేఫ్ తప్పతాగి ఉన్నాడన్నది దీవిలో చంటిపిల్లలకి కూడా తెలిసిన సంగతి. సున్నివా అతని ఒక్కగానొక్క కూతురు. అప్పటికి నాలుగేళ్ళది. తాగుబోతు కూతురనిపించుకుంటూ పెరిగి, ఆ పేరు వదిలించుకోవడానికి బెర్గెన్ పట్నం వెళ్ళి సినిమాలు కూర్చే ఎడిటింగ్ పని నేర్చుకుంది. ఇప్పుడు వెనక్కి వచ్చి పన్నెండు నిమిషాల చిన్న సినిమా తీస్తోంది. మనిషి కన్ను ఎంత తేలిగ్గా మోసపోతుందో, పదిమందీ అన్నమాట ఎంత తేలిగ్గా నిజమైపోతుందో చూపించాలని ఆమె తాపత్రయం. శనివారం దీవి జనమంతా సమావేశ మందిరంలో కూర్చుని ఆ సినిమా చూడబోతున్నారు. ఇవాళ గురువారం.

ఆ సినిమాలో అయిదుగురు పెద్దవాళ్ళు కెమెరా ముందు కూర్చుని ఆ ప్రమాదం గురించి చెప్పారు. అయిదుగురూ ఒకే మాట అన్నారు, తోర్లేఫ్ జేబులో బ్రాందీ సీసా దొరికింది, అందులో రెండు వేళ్ళ మందం మిగిలి ఉంది అని. ఆ సీసాని కళ్ళతో చూసినవాడు మాత్రం ఒక్కడే, మర్నాడు పొద్దున శవాన్ని ముందుగా కనుక్కున్న హల్వార్ద్. మిగతా నలుగురూ అతని నోటినుంచి విన్నవాళ్ళు. వాళ్ళు మాత్రం ఆ రెండు వేళ్ళూ తామే పెట్టి కొలిచినంత ధీమాగా చెప్పారు. మనవాళ్ళ సంగతి మీకు తెలియనిది కాదు.

ఇక తెల్లగోడ. స్కార్వోయ్ ఒడ్డున పడవలు దాచుకునే చెక్క కొట్టాలు వరసగా ఉంటాయి. అన్నిటికీ ఎర్రరంగే. రేవు నుంచి మూడోదానికి మాత్రం సముద్రం వైపు గోడకి తెల్లగా సున్నం వేస్తారు. బయటి సముద్రం నుంచి ఇంటికొచ్చేవాడు ఆ తెల్లగోడ నెత్తిన కొండమీది చర్చి శిఖరం నిటారుగా కనిపించేలా పడవని తిప్పుకుని, ఆ వరస చెదరకుండా వచ్చేస్తే చాలు. శిఖరం గోడ మీద నుంచి పక్కకి జరిగిందంటే పడవ రాళ్ళ మీదికి పోతోందన్నమాట. ఎన్ని యంత్రాలొచ్చినా ఇక్కడివాళ్ళు తెల్లగోడనే నమ్ముతారు. సున్నం వెయ్యడం ఏడాదికొక ఇంటి వంతు.

పోయినవారం సున్నివాకి, కాలం చేసిన బడి మాస్టారి అటక మీద ఒక పాత వీడియో టేపు దొరికింది. బడి మెట్ల మీద పిల్లలు, వాళ్ళ వెనక నీళ్ళకి అవతల పడవ కొట్టాలు. మూలన తేదీ చూస్తే పడవ మునిగిన రోజే, పగటిపూట. ఆమె వెళ్ళి అదే మెట్టు మీద నిలబడి ఇవాళ్టి దృశ్యాన్ని తీసి, పాతదాని మీద కొత్తది పెట్టి చూసింది. కొండ కదల్లేదు. చర్చి కదల్లేదు. తెల్లగోడ మాత్రం పక్కకి గెంతింది. పాత బొమ్మలో తెలుపు మూడో కొట్టం మీద లేదు, నాలుగోదాని మీద ఉంది. మూడోది మట్టిరంగులో దిగాలుగా నిలబడి ఉంది.

యాభైసార్లు చూసింది. యాభైసార్లూ గెంతింది. అంటే నాన్న తాగలేదు. నాన్న చూడాల్సినదాన్నే చూసుకుంటూ వచ్చాడు. చూడాల్సినదాన్నే ఎవరో జరిపారు. ఎవరన్న ప్రశ్నకి జవాబు దొరకడానికి ఆమెకి ఎంతోసేపు పట్టలేదు. ఆ నాలుగో కొట్టం హల్వార్ద్‌ది.

హల్వార్ద్ అంటే ఎవరో కాదు. ఆమెకి తెడ్డు పట్టడం నేర్పినవాడు. ఏటా చలికాలంలో వాళ్ళ గుమ్మం ముందు మంచు తవ్వేవాడు, వాళ్ళమ్మ గూరో అడక్కుండానే వారానికో చేప తెచ్చి తలుపు కొక్కేనికి తగిలించి పోయేవాడు. అలాంటివాడు ముప్పై ఒక్క ఏళ్ళు కళ్ళలోకి చూసి నవ్వుతూ తిరిగాడు. సరిగ్గా అప్పుడే కిందనుంచి అతని గొంతు వినిపించింది. తలుపు కొట్టే అలవాటు అతనికి ఏనాడూ లేదు.

"పైనున్నావా పిల్లా?"

ఆమె కుర్చీ వెనక్కి నెట్టి లేచింది. గబగబా మెట్ల దాకా వచ్చి నిలబడింది, పైకి రానివ్వకుండా.

"ఉన్నా బాబాయ్. పని చేసుకుంటున్నా."

హల్వార్ద్ వంటింటి గుమ్మంలో నిలబడి ఉన్నాడు. డెబ్బైకి దగ్గరపడ్డ మనిషి, ఇప్పటికీ గుమ్మానికి నిండుగా ఉంటాడు. టోపీ తియ్యలేదు.

"నీ సినిమాలో సముద్రం మీంచి తీసిన బొమ్మ ఒక్కటీ లేదటగా. మీ అమ్మ చెప్పింది. రా, తీసుకెళ్తా."

"ఇప్పుడా?"

"రేపట్నుంచి గాలి పడుతుంది. ఇవాళ నీళ్ళు పడుకునున్నాయి. రెండు గంటల్లో వచ్చేద్దాం."

రానని అనాలని నాలిక చివరిదాకా వచ్చింది. అంటే ఎందుకని అడుగుతాడు. మొన్నటిదాకా సముద్రం మీదికి ఎవరు తీసుకెళ్తారా అని దీవంతా అడిగి తిరిగింది ఆమే. ఇప్పుడు కాదంటే అంతకంటే పెద్ద జవాబు అక్కర్లేదు.

"జాకెట్ వేసుకుని వస్తా, నువ్వు పద."

అతను రేవు వైపు నడిచాక ఆమె కాగితం తీసుకుంది. నిలబడే రాసింది. "అమ్మా, హల్వార్ద్‌తో పడవలో వెళ్తున్నా. నాలుగింటికల్లా రాకపోతే నా గదిలో కంప్యూటర్ చూడు. నాన్న తాగి పోలేదు. ఎవరో తెల్లగోడ మార్చారు. గోడ ఎవరిదో చూస్తే నీకే తెలుస్తుంది." కాగితం మడిచి కాఫీ డబ్బా కింద పెట్టింది. గూరో వృద్ధాశ్రమం వంటింట్లో పని ముగించుకుని మూడింటికి వస్తుంది, కోటు విప్పకముందే కాఫీ పెడుతుంది. పైన కంప్యూటర్ అలాగే వదిలేసింది. తెర మీద తెల్లగోడ అటూ ఇటూ గెంతుతూనే ఉంది.

పడవలో హల్వార్ద్ ఆమెకి లైఫ్ జాకెట్ విసిరాడు. తను వేసుకోలేదు.

"నీకు?"

"ఒకటే ఉంది. నేను మునిగితే అడిగేవాళ్ళెవరు?"

ఎప్పుడూ వేసే జోకే. ఇవాళ ఆమెకి నవ్వు రాలేదు. ఇంజను టకటకమంటూ రేవు దాటింది. గట్టు మీద మనుషులు లేరు, మధ్యాహ్నం వేళ అందరూ చేపల ఫ్యాక్టరీలో ఉంటారు. ఒక్క మనిషైనా తమని చూస్తే బాగుండునని ఆమె వెతికింది. తోపుడు బండి పక్కన ఒక పిల్లి మాత్రం కూర్చుని ఉంది.

"ఫోన్ తెచ్చావా?" అన్నాడు హల్వార్ద్, దారి చూసుకుంటూనే.

"తెచ్చా."

"ముసలమ్మ దాటాక పని చెయ్యదులే."

ఆ మాట మామూలుగానే అన్నాడు. అందులో దాచినదేదో ఉందా, లేక తన భయమే దాన్ని కల్పిస్తోందా, సున్నివాకి అర్థం కాలేదు. ఇన్నాళ్ళూ కళ్ళు ఎలా మోసపోతాయో సినిమా తీసిన మనిషికి చెవులు కూడా చేతిలో లేకుండా పోయాయి.

ముసలమ్మ రాళ్ళని ఎడమపక్కన వదిలి వెళ్ళారు. నల్లటి వీపులు రెండు మూడు నీళ్ళపైకి తేలి ఉన్నాయి, వాటి చుట్టూ నాచు మెల్లగా ఊగుతోంది. పోటు మొదలైంది, ఇంకో గంటలో అవి కూడా మునిగిపోతాయి. మునిగాక అక్కడ రాయి ఉందని చెప్పడానికి నీటి మీద గీత కూడా ఉండదు. హల్వార్ద్ వాటిని చూడలేదు. ఆ దారిన ఎన్నిసార్లు వెళ్ళినా చూడడని ఆమెకి చిన్నప్పట్నుంచీ తెలుసు. స్తైనార్ అతని సొంత తమ్ముడు.

రాళ్ళు దాటి చాలా దూరం వచ్చాక అతను ఇంజను ఆపేశాడు. ఒక్కసారిగా అంతా నిశ్శబ్దం. పడవకి నీళ్ళు తగిలే చప్పుడు తప్ప ఏమీ లేదు.

"ఇక్కడ ఆపావేం?" అంది సున్నివా.

"బయట్నుంచి వచ్చేవాడికి గోడ మొదట కనపడేది ఇక్కడే. తీసుకో నీ బొమ్మ."

ఆమె కెమెరా ఎత్తింది. అద్దంలో చూస్తే ఎక్కడో దూరాన, ఎర్రటి వరసలో ఒక తెల్లటి చుక్క. దాని నెత్తిన సన్నగా చర్చి శిఖరం.

"ఏం కనిపిస్తోంది?"

"తెల్లగోడ. దానిమీద శిఖరం."

"ఇంకా?"

"అంతే."

"అంతేలే," అన్నాడు హల్వార్ద్. "మీ నాన్నకీ అంతే కనిపించింది."

 ఆమె కెమెరా దించకుండా అలాగే పట్టుకుంది, మొహం దాచుకోవడానికి మరో చోటు లేదు. వెనక ఏదో సర్దుతున్న చప్పుడయింది. తిరిగి చూస్తే అతని చేతిలో కత్తి ఉంది, చేపలు కోసే సన్నటి కత్తి. ఒళ్ళో గుడ్డ మూట.

"మాస్టారి టేపు నీ దగ్గరుంది కదూ?"

"ఏ టేపు?"

"అబద్ధం చెప్పడం నీకు చాతకాదు పిల్లా. చిన్నప్పుడూ అంతే, చెవులు ఎర్రబడిపోయేవి. సోమవారం మాస్టారి మేనకోడలు నాకు చెప్పింది, పాత టేపులన్నీ నీకిచ్చేశానని. మంగళవారం నువ్వెళ్ళి బడి మెట్టు మీద నిలబడ్డావు. నిన్నట్నుంచీ నా మొహంలోకి చూట్లేదు."

ఆమె పడవ అంచు పట్టుకుంది. నీళ్ళు ఎంత చల్లగా ఉంటాయో ఈ దీవిలో పుట్టినవాళ్ళకి ఎవరూ చెప్పక్కర్లేదు. జాకెట్ ఉన్నా అరగంట. అతను మూట విప్పాడు. లోపల ఎండుచేప. ఒక ముక్క కోసి కత్తి మొనతోనే ఆమె వైపు చాచాడు.

"తిను. వణుకుతున్నావు."

"చలి."

"చలి కాదులే," అన్నాడు. చెయ్యి వెనక్కి తీసుకోలేదు.

ఆమెకి ఒళ్ళు మండింది. భయం ఒక హద్దు దాటాక మనిషికి తెగింపు వస్తుంది. ఇక్కడ అరిచినా వినేవాళ్ళు లేరు, అలాంటప్పుడు అడిగితే పోయేదేముంది.

"గోడ ఎందుకు మార్చావు బాబాయ్?"

హల్వార్ద్ కత్తిని గుడ్డకి తుడిచి ఒరలో పెట్టాడు. తీరిగ్గా పెట్టాడు.

"నాలుగోది నా కొట్టం కాబట్టి నేనే అనుకున్నావు."

"మరెవరు?"

"రేవు నుంచి లెక్కపెట్టు."

"ఏంటి?"

"కొట్టాలు లెక్కపెట్టవే."

వెర్రిదాన్ని ఆడించినట్టు ఉందనిపించినా లెక్కపెట్టింది. "ఒకటి, రెండు, మూడు. మూడోది తెల్లది."

"ఇప్పుడు మాస్టారి టేపులో లెక్కపెట్టు. నువ్వు వందసార్లు చూసుంటావుగా."

సున్నివా కళ్ళు మూసుకుంది. పిల్లలు. ఊలు టోపీలు. నీళ్ళు. తెల్లగోడ, మట్టిరంగు గోడ, ఒక ఎర్రగోడ. దానికి ఇవతల, రేవు పక్కన... అక్కడ ఏముంది? అక్కడ ఏమీ లేదు. పునాది రాళ్ళున్నాయి, వాటిమీద ఆకాశం ఉంది. అన్నిసార్లు చూసింది, అన్నిసార్లూ తెలుపునే చూసింది. పక్కనున్న ఖాళీ కంటికి ఆనలేదు.

"మొదటి కొట్టం లేదు," అంది మెల్లగా.

"ఆ సెప్టెంబరు తుపానుకి కొట్టుకుపోయింది, మళ్ళీ కట్టింది తర్వాతి ఏడు. మూడోదాని గోడ చెక్కలూ ఊడాయి. మేం కొత్త చెక్కలు కొట్టాం, పచ్చి చెక్క, సున్నం ఎక్కించాలి. ఆ ఏడు వంతు మీ ఇంటిది." హల్వార్ద్ ఆగాడు. అతను దీవి వైపు చూట్లేదు, తన చేతుల్ని చూసుకుంటున్నాడు. "మీ నాన్న వేటకి పోతూ, రేవులో తాడు విప్పుకుంటూ చెప్పాడు. మూడో కొట్టానికి సున్నం వేసేయ్, నేనొచ్చేసరికి తెల్లగా కనపడాలి అని. నేను పక్కనే ఉన్నా."

"ఎవరికి చెప్పాడు?"

అతను తలెత్తి ఆమె కళ్ళలోకి చూశాడు. ఇక చెప్పాల్సిన పని లేదు. 

"మీ అమ్మ కొండల మధ్య పుట్టిన పిల్ల. నువ్వు పుట్టాక కూడా పుట్టింట్లోనే ఉంది, ఆ ఆగస్టులోనే మీ ఇద్దర్నీ కాపురానికి ఇక్కడికి తెచ్చాడు. అప్పటికి ఒక్కసారి కూడా పడవెక్కలా. ఇళ్ళ వైపు నుంచి చూస్తే ఏ గోడ తెల్లగా ఉందో కనపడదు కదా. రేవు దగ్గర నిలబడి లెక్కపెట్టుకుంది. ఉన్నవాటిని లెక్కపెట్టింది, ఇంకెవరైనా అదే చేస్తారు. మేం ఒక్కళ్ళమే పోయినవాటిని కూడా కలుపుకుని లెక్కేస్తాం. కూలిపోయినా అది మొదటిదే, దాని పక్కది రెండోదే. ఆ సంగతి ఆవిడకి చెప్పాలని మాలో ఒక్కడికీ తట్టలా."

"ఎర్రగోడ మీద సున్నం వేస్తుంటే ఎవరూ చూళ్ళేదా?"

"మగాళ్ళు సముద్రం మీద, ఆడాళ్ళు ఫ్యాక్టరీలో. మాస్టారు చూశాడు, అంటే కెమెరాలోంచి చూశాడు. రోజూ ఉండేదాన్ని ఎవడు చూస్తాడే? తెల్లగోడ ఉంది. అంతవరకే చూస్తాం."

మర్నాడు తెల్లవారుతూనే తను వెతకడానికి పడవ తీసుకుని వచ్చానని చెప్పాడు. ఈ చోటికే వచ్చి వెనక్కి తిరిగి చూశాడు. గోడ ఉండకూడని చోట తెల్లగా మెరుస్తోంది. ముసలమ్మ మీద తోర్లేఫ్ బోర్లా పడి ఉన్నాడు. స్తైనార్ మూడు రోజులకి గాని దొరకలేదు.

"నా కోటు జేబులో సీసా ఉంది. రెండు వేళ్ళ మందం మిగిలింది. తీసి వాడి జేబులో పెట్టా. తర్వాత చలిలో నిలబడి నా గోడ ఎర్రగా, మూడోది తెల్లగా చేశా. రెండు గంటలు పట్టింది. తడిరంగు చూసినవాళ్ళు ఉండే ఉంటారు. ఎవరూ అడగలా."

"నాన్నని తాగుబోతుని చేశావు."

"చేశా."

"బళ్ళో నన్నేమనేవాళ్ళో నీకు తెలుసా? మా అమ్మ చర్చిలో ఏ వరసలో కూర్చునేదో తెలుసా?"

"తెలుసు. చివరి వరసలో. నేను దానికి ముందు వరసలో కూర్చునేవాణ్ణి."

"నీకెవరిచ్చారు ఆ హక్కు?"

"ఎవరూ ఇవ్వలా." మొదటిసారి అతను టోపీ తీశాడు. "మీ అమ్మకి ఇరవై ఏడేళ్ళు, చంకలో నువ్వు. ఆ పొద్దున రేవు మీద ఆవిడ మొహం నువ్వు చూళ్ళేదు. మొగుణ్ణీ, నా తమ్ముణ్ణీ తన చేత్తోనే రాళ్ళ మీదికి తోలానని తెలిస్తే అలాగే నీళ్ళలోకి నడిచిపోయేది. మొగుడు తాగి చచ్చాడంటే ఆడది ఏడుస్తుంది, తిట్టుకుంటుంది, బతుకుతుంది. అదొక్కటే తట్టింది నాకు. తప్పో ఒప్పో ఇప్పటికీ తెలీదు."

ముప్పై ఒక్క ఏళ్ళు అబద్ధమాడిన నోరు ఇవాళ నిజం చెబుతోందని ఎలా నమ్మడం? సున్నివా నమ్మకుండా ఉండడానికి శాయశక్తులా ప్రయత్నించింది. కానీ ఆ ఖాళీ ఆమె టేపులోనే ఉంది, ఆమె చూడలేదంతే. ఇంకొకటి కూడా గుర్తొచ్చింది. ఆ ప్రమాదం తర్వాత అమ్మ ఇప్పటిదాకా పడవ కొట్టాల వైపు అడుగు పెట్టలేదు. దుఃఖమని అందరూ అనుకున్నారు, తనూ అనుకుంది. అందుకే తను సున్నం వేసిన గోడ మళ్ళీ ఎర్రగా మారిన సంగతి అమ్మకి తెలియనే తెలియదు.

నాన్న మీద జాలి, అమ్మ మీద జాలి, ఎదురుగా కూర్చున్న ఈ ముసలాయన మీద కోపమో జాలో తెలియనిదొకటి, అన్నీ కలగలిసిపోయాయి. ఇందాక ఇతను తనని చంపుతాడనుకుంది. ఆ భయమే నయమనిపించింది ఆమెకి.

"శనివారం సినిమా వేసుకో," అన్నాడు హల్వార్ద్. "నేను వద్దనను. మీ నాన్న పేరు మీ నాన్నకి ఇచ్చెయ్యాలి, నేను పోయేలోపల. కానీ ముందు మీ అమ్మకి ఎలా చెప్పాలో చూడు. చదువుకున్నదానివి. నాకైతే ఇన్నేళ్ళలో మాట దొరకలా."

మీ అమ్మకి ఎలా చెప్పాలో. ఆ మాట లోపలికి దిగడానికి ఒక్క క్షణం పట్టింది. ఆ తర్వాత సున్నివా అతని చేతి గడియారం వైపు వంగింది.

"టైమెంత?"

అతను చెయ్యి తిప్పి చూసుకున్నాడు. "నాలుగు దాటి పావుగంట."

"ఇంటికి పోనీ బాబాయ్. తొందరగా పోనీ."

"ఏమైంది?"

"అమ్మకి కాగితం రాసిపెట్టి వచ్చా." ఆమె ఇంజను వైపు చూపించింది. "నువ్వు నన్నేదన్నా చేస్తావనుకున్నా. నేను రాకపోతే కంప్యూటర్ చూడమని, గోడ ఎవరో మార్చారని రాశా. టేపు తెర మీద ఆడుతూనే ఉంది."

హల్వార్ద్ మొహంలో రక్తం లేకుండా పోయింది.  ఇంజను తాడు లాగాడు, అందుకోలేదు. మళ్ళీ లాగాడు. మూడోసారికి పట్టుకుంది. పడవ గిర్రున తిరిగి దీవి వైపు ఉరికింది.

నాలుగింటి దాకా ఆగమని రాస్తే ఆగే తల్లి ఎక్కడుంటుంది? మూడింటికే కాఫీ డబ్బా ఎత్తి ఉంటుంది. కాగితం చదివి కోటుతోనే మెట్లెక్కి ఉంటుంది. గోడ ఎవరిదో చూస్తే నీకే తెలుస్తుంది అని రాసింది తను. ఆ గోడ ఎవరు తెల్లగా చేశారో లోకంలో అందరికంటే బాగా తెలిసిన మనిషికి రాసింది. సున్నివా పిడికిలి నోట్లో కుక్కుకుంది.

ఎదురుగా నీళ్ళు చదునుగా ఉన్నాయి. పోటు నిండింది, ముసలమ్మ వీపులు ఎక్కడా కనపడట్లేదు. హల్వార్ద్ తెల్లగోడని శిఖరం కిందికి తెచ్చుకుని పడవని సూటిగా నిలబెట్టాడు. చేతికి అలవాటైన పని, భయంలో కూడా తప్పు పోలేదు. సున్నివా కెమెరా ఎత్తి, ఒడ్డుని ఎంత దగ్గరికి లాగగలదో అంతా లాగింది.

రేవు ఖాళీగా ఉంది. మొదటి కొట్టం. రెండోది. తెల్లగోడ. అక్కడా ఎవరూ లేరు. ఇంకొంచెం పక్కకి తిప్పింది.

నాలుగో కొట్టం ముందు, మోకాలి లోతు నీళ్ళలో, కోటు వేసుకున్న మనిషి నిలబడి ఉంది. వీపు ఇటువైపు. ఆమె కుడిచెయ్యి గోడ మీద పైకీ కిందికీ, పైకీ కిందికీ ఆడుతోంది. చేతిలో వంటింటి కత్తి. ఎర్రరంగు పెళ్ళలు పెళ్ళలుగా రాలుతోంది. గోడ మధ్యలో అరచేతంత మేర కింద దాగిన సున్నం బయటపడింది. అమ్మ ఆగి దానిమీద చెయ్యి పెట్టింది. మళ్ళీ గీకడం మొదలుపెట్టింది.

"నీ కొట్టం దగ్గరుంది బాబాయ్," అంది సున్నివా. "గోడ గీకుతోంది. తెలుపు కనిపిస్తోంది."

 వెనక ఇంజను అదే వేగంతో మోగుతోంది.

కెమెరా అద్దంలో ఆ తెల్లమచ్చ పెరుగుతోంది. అరచేతంత ఉన్నది పళ్ళెమంత అయింది. అమ్మ ఇటు తిరిగింది. కత్తి పట్టుకున్న చెయ్యి కిందికి వేలాడుతోంది, పడవనే చూస్తోంది. ఆ మొహం బాగా కనపడాలని సున్నివా కెమెరాని కాస్త పైకెత్తింది.

అప్పుడు చూసింది. మామూలుగా ఇక్కడినుంచి చూస్తే అమ్మ వెనక ఖాళీ కొండే ఉండాలి. అక్కడ చర్చి శిఖరం ఉంది. పడవ నడిపేవాడు ఎటు చూస్తే పడవ అటే పోతుంది. హల్వార్ద్ కళ్ళు ఎంతసేపటి నుంచి గూరో మీదే ఉన్నాయో. శిఖరం తెల్లగోడని ఎప్పుడో వదిలేసింది. ఇప్పుడది ఆ రోజు నాన్న చూసినట్టే నిటారుగా, అటు అంగుళం ఇటు అంగుళం తేడా లేకుండా, నాలుగో గోడ మీద నిలబడి ఉంది.